బొమ్మల కథ నుంచి పదకోశం దాకా: వీధికో పుస్తకాల బీరువా పెట్టుకోవడం ఎలా

ముందు బీరువా కొనకండి. వీధిలో నాలుగు పుస్తకాలు పెడదాం అనుకోగానే అందరూ చేసే మొదటి పని అదే. బీరువా వచ్చాక దాన్ని ఎలాగైనా నింపాలి కాబట్టి చేతికి దొరికినవన్నీ కొనేస్తారు, ఎవరింట్లోవో పాత గైడ్లు, పెళ్లిళ్లలో పంచిన స్తోత్రాల పుస్తకాలు కూడా వచ్చి చేరతాయి, మూడు నెలలు తిరిగేసరికి దానికి తాళం పడుతుంది. మాది చీరాల. మా వీధి రామాలయం పక్క గదిలో ఆరేళ్లుగా ఒక బీరువా నడుస్తోంది, రెండో తరగతి పిల్లల దగ్గర్నుంచి డెబ్భై దాటిన నేతగాళ్ల దాకా వచ్చి చదువుతున్నారు. మేమూ పెట్టుకుంటాం, ఏం కొనాలో చెప్పమని అడిగేవాళ్లు ఎక్కువయ్యారు కాబట్టి నాకు తెలిసింది ఒకచోట రాస్తున్నాను. వీధికైనా, అపార్ట్‌మెంటుకైనా, ఇంట్లో ఒక్క అరకైనా పద్ధతి ఇదే.

బీరువాకి బదులు ఒక లాంగ్ నోట్‌బుక్ కొనండి. రెండు వారాలపాటు సాయంత్రాలు వీధిలో కూర్చుని, ఎవరు చదవడానికి రాగలరో పేరు పేరునా రాసుకోండి. "మీకు ఎలాంటి పుస్తకాలు ఇష్టం?" అని మాత్రం అడగొద్దు, చదివే అలవాటు లేనివాళ్లకి ఆ ప్రశ్నే బెరుకు పుట్టిస్తుంది, పరీక్షలో కూర్చున్నట్టు టెన్షన్ పడతారు. ఏం పని చేస్తారో, ఇంట్లో దేని గురించి ఎక్కువ మాట్లాడుకుంటారో, పిల్లలు ఏం అడిగి విసిగిస్తుంటారో కనుక్కోండి. మా నోట్‌బుక్‌లో మొదటి పేజీల్లో పడ్డ మాటలు ఇవి: మగ్గం, సముద్రం, షుగర్ జబ్బు, వేరుశనగ, పాములు, భారతంలో కర్ణుడు, చీరాల-పేరాల ఉద్యమం. ఒక్క పుస్తకం పేరు కూడా లేదు చూడండి. కానీ కొనాల్సిన పుస్తకాల జాబితా అక్కడే ఉంది.

మొదటి ఏడాది నేను ఈ పని చేయలేదు. ఒక చోట పిల్లల నీతి కథల సెట్టు తక్కువ ధరకి వస్తోందంటే మొత్తం కొనుక్కొచ్చాను, ముప్ఫై పుస్తకాలు, రంగురంగుల అట్టలు, లోపల మాత్రం అన్నిట్లో అవే కథలు అటూ ఇటూ మార్చి వేశారు. పిల్లలు నాలుగు చదివారు, ఐదోది తీసి "ఇది కూడా అదే" అని పెట్టేశారు. వాళ్లకి చదవడం ఇష్టం లేక కాదు, ఎక్కడానికి తర్వాతి మెట్టు లేదు, అంతే.

అందుకే నేను చెప్పేదంతా ఒక్క మాట మీద నిలబడింది: పుస్తకాలు అడ్డంగా కాదు, నిలువుగా కొనండి. ఒకే మెట్టు మీద ముప్ఫై పుస్తకాలు పేర్చకుండా, ఒక విషయం తీసుకుని దాని మీద ఐదేళ్ల పిల్లవాడి పుస్తకం నుంచి ఆ రంగంలో పనిచేసే పండితుడి పుస్తకం దాకా మూడు నాలుగు మెట్లు కట్టండి. ఐదు విషయాలు, ఒక్కో విషయానికి నాలుగేసి పుస్తకాలు, మొత్తం ఇరవై. మొదలుపెట్టడానికి ఇరవై చాలు. నిజానికి ఇరవైతో మొదలుపెడితేనే మంచిది, ఏది తిరుగుతోందో ఏది కదలడం లేదో మీకు వారం వారం కంటికి కనపడుతుంది.

మా మగ్గం మెట్లు ఎలా కట్టామో చెబుతాను. అడుగు మెట్టు మీద పత్తి నుంచి బట్ట దాకా చూపించే బొమ్మల పుస్తకం ఒకటి, పేజీకి రెండు వాక్యాలు. దాని పైన చింతకింది మల్లేశం గురించి పిల్లలకి చదవడానికి వీలుగా రాసినవి. తెలంగాణలో ఆలేరు ప్రాంతంలో నేత కుటుంబంలో పుట్టాడాయన. చీరకి ఆసు పోయడానికి, అంటే నేతకి ముందు దారాన్ని మేకుల చుట్టూ తిప్పి సర్దడానికి, వాళ్లమ్మ లక్ష్మి రోజుకి కొన్ని వేలసార్లు చెయ్యి అటూ ఇటూ ఆడించి భుజాల నొప్పితో బాధపడుతుంటే చూడలేక, ఏళ్ల తరబడి కష్టపడి ఆసు యంత్రం కనిపెట్టి దానికి అమ్మ పేరే పెట్టాడు. 2017లో పద్మశ్రీ వచ్చింది. మూడో మెట్టు, చేనేత కుటుంబాల మీద వచ్చిన కథలు. అన్నిటికన్నా పైన మాండలిక వృత్తి పదకోశంలో చేనేత సంపుటం. భాషాశాస్త్రవేత్త భద్రిరాజు కృష్ణమూర్తి గారు ఊళ్లు తిరిగి పనివాళ్ల నోటి మాటలు సేకరించే పద్ధతికి దారి వేశారు, 1962లో వ్యవసాయ పదాల సంపుటం, 1971లో చేనేత సంపుటం వచ్చాయి. ఏ జిల్లాలో ఏ పనిముట్టుని ఏమంటారో అందులో ఉంటుంది. తెలుగు నేలని మాటల తీరుని బట్టి నాలుగు మండలాలుగా చూడటం కూడా ఈ పని నుంచే గట్టిపడింది.

ఇంత పెద్ద పరిశోధన గ్రంథం వీధి బీరువాలో ఎందుకు, ఎవరు చదువుతారు అని నన్ను చాలామంది అడిగారు. ఒక సాయంత్రం జరిగింది చెబుతాను.

ఐదో తరగతి పిల్లాడు ఒకడు మా దగ్గరికి రోజూ వచ్చేవాడు, కుదురుగా ఒక చోట కూర్చోడు. వాళ్ల నాయనమ్మ వాణ్ని పిలిచినప్పుడల్లా "ఆసులో కండెలా తిరుగుతావేంట్రా" అంటుంది, కండె అంటే దారం చుట్టిన గొట్టం. ఆ రోజు మేం స్పైరల్ బైండింగ్ చేయించిన ఆ చేనేత సంపుటం బల్ల మీద ఉంటే వాడు ఊరికే పేజీలు తిప్పుతూ ఒక చోట ఆగిపోయి "ఆసు అంటే నిజంగా ఉందా!" అని అరిచాడు. అప్పటిదాకా అది తిట్టే అనుకున్నాడు వాడు. పుస్తకం పట్టుకుని ఇంటికి పరిగెత్తాడు. కాసేపటికి వాళ్ల తాత వచ్చాడు, యాభై ఏళ్లు గుంటమగ్గం మీద నేసిన మనిషి, అప్పటిదాకా మా గది గడప తొక్కలేదు. కళ్లజోడు లేదు, మనవణ్ని చదవమన్నాడు. పడుగు, పేక, నాడె, కండె అని వాడు ఒక్కొక్కటీ చదువుతుంటే ఈయన వేళ్లతో గాల్లో ఆ పని చేసి చూపిస్తున్నాడు. ఒక మాట దగ్గర ఆపి, "ఇది మనం అనం, పక్క జిల్లావోళ్లు అంటారు" అన్నాడు. వాడు కింద చూసి, "అవును తాతా, ఇక్కడ అదే రాశారు" అన్నాడు. ఆయన ఆ పుస్తకం చేతిలోకి తీసుకుని అట్ట మీద చెయ్యి వేసి చాలాసేపు కూర్చున్నాడు. తన పనికి ఇంత పుస్తకం ఉందని ఆయనకి డెబ్భై ఏళ్లదాకా ఎవరూ చెప్పలేదు. అందుకే పై మెట్టు ఉండాలి.

పిల్లల పుస్తకం ఎంచుకోవడం

పరిశోధన గ్రంథం ఎంచుకోవడం కంటే ఇదే కష్టం. అట్ట చూసి కొనకండి. షాపులోనే మధ్యలో ఏదో ఒక పేజీ తీసి పైకి చదవండి, సిగ్గుపడొద్దు. నాలుక ఎక్కడైనా తడబడిందంటే, "అతనిచే చేయబడిన" లాంటి వాక్యం కనపడిందంటే పెట్టేయండి. అది ఇంకో భాషలోంచి హడావిడిగా తెచ్చినది, పిల్లలకి చెవికే ఎక్కదు.

తర్వాత ఒత్తులు చూడండి. ఇది చాలామంది పట్టించుకోరు. కొత్తగా చదవడం నేర్చుకునే పిల్లలకి గుణింతం వరకు ఇబ్బంది ఉండదు, ఒత్తులు, అందులోనూ రెండేసి ఒత్తులు వచ్చేసరికి ఆగిపోతారు. మొదటి మెట్టు పుస్తకంలో "మేక ఆకు మేసింది" లాంటి వాక్యాలు ఎక్కువ ఉండాలి, "ఆశ్చర్యపడ్డాడు" లాంటి మాట పేజీకి ఒకటి మించకూడదు. అక్షరం పెద్దదిగా, తల కట్టు, దీర్ఘం విడివిడిగా కనపడేలా ఉండాలి. కొన్ని పుస్తకాల్లో ముద్దుగా ఉంటుందని వంకరటింకర ఫాంటు వాడతారు, దానితో మ, య, ఘ, ఝ ఏది ఏదో పెద్దవాళ్లకే తెలియదు.

తక్కువ ధరలో మంచివి కావాలంటే హైదరాబాద్ మంచి పుస్తకం వాళ్లవి, నేషనల్ బుక్ ట్రస్ట్ వాళ్లవి, ప్రథమ్ బుక్స్ వాళ్లవి చూడండి. చెన్నై తూలిక వాళ్లు తెలుగూ ఇంగ్లీషూ పక్కపక్కన ఉండే పుస్తకాలు వేస్తారు, ఇంగ్లీషు మీడియం పిల్లలకి అవి బాగా అక్కరకొస్తాయి, బెంగళూరులోనో అమెరికాలోనో ఉండే మనవలకి పంపించడానికి మా వీధి అమ్మమ్మలు అడిగి మరీ రాసుకుపోయారు. డబ్బు అసలు లేకపోతే ప్రథమ్ వాళ్ల స్టోరీవీవర్ సైటులో తెలుగు కథలు ఉచితంగా డౌన్‌లోడ్ చేసుకోవచ్చు, అందులోనే మెట్ల ప్రకారం విడగొట్టి ఉంటాయి, ప్రింటు తీసి మధ్యలో రెండు పిన్నులు కొడితే పుస్తకం తయారు. మేం మొదటి పది అలాగే చేశాం.

పాత చందమామలు దొరికితే వదలొద్దు. 1947 జులైలో మొదలైన పత్రిక, ఇప్పుడు రావడం లేదు, కానీ కొడవటిగంటి కుటుంబరావు గారు సంపాదకత్వం చూసిన కాలంలోని సంచికల్లో వాక్యం ఎంత తేటగా ఉంటుందంటే మూడో తరగతి పిల్లాడు కూడా తడుముకోకుండా చదువుతాడు. ఒక్క సంచిక చాలు, అందులో అచ్చయిన ప్రతి కథా పైకి చదివి చూడండి.

పదేళ్ల నుంచి పదిహేనేళ్ల మధ్య

పిల్లలు చదువు మానేసేది ఇక్కడే. బొమ్మల పుస్తకం చిన్నపిల్లలది అనిపిస్తుంది, పెద్దవాళ్ల నవల అందదు, ఇంగ్లీషు మీడియంలో పడ్డాక తెలుగు చదివే వేగం పోతుంది. ఈ వయసుకి సాహసం కావాలి, నిజంగా జరిగినవి కావాలి. నండూరి రామమోహనరావు గారు టామ్ సాయర్‌ని, హకిల్‌బెరీ ఫిన్‌ని తెలుగులోకి తెచ్చారు, వాటితో మొదలుపెట్టండి. ఆయనదే విశ్వరూపం ఉంది, నక్షత్రాల గురించి, విశ్వం గురించి, సైన్సు అంటే మోజున్న పిల్లలకి అది తర్వాతి మెట్టు. మహీధర నళినీమోహన్ గారి సైన్సు పుస్తకాలు కూడా అంతే. క్యాలెండర్ ఎలా పుట్టిందో ఆయన చెబితే కథలా ఉంటుంది.

ఒక కిటుకు చెబుతాను, నాకు బాగా పనిచేసింది. పుస్తకం చేతికిచ్చి చదవమనకండి. శనివారం సాయంత్రం మీరే మొదటి అధ్యాయం పైకి చదవండి, మంచి పట్టు మీద ఉండగా ఆపేసి పుస్తకం బల్ల మీద పెట్టి లేచి వెళ్లిపోండి. మిగతాది వాళ్లే చదువుకుంటారు. నెమ్మదిగా చదువుతారు, అక్షరాలు కూడబలుక్కుంటారు, కానీ వదలరు. ఇంటర్ చదివే అమ్మాయి ఒకామె ఇలాగే మొదలుపెట్టి ఇప్పుడు ఏనుగుల వీరాస్వామి కాశీయాత్ర చరిత్ర చదువుతోంది. 1830లో మద్రాసు నుంచి బయల్దేరి మరుసటి ఏడాది తిరిగొచ్చిన మనిషి, దారిలో చూసిన ఊళ్లూ బాటలూ సత్రాలూ అన్నీ రాసుకున్నాడు. భాష పాతది, మొదట్లో అడ్డం పడుతుంది. పదిహేను పేజీలు దాటాక ఆ ప్రయాణమే లాక్కుపోతుంది.

పెద్దల పుస్తకాలు, పండితుల పుస్తకాలు

నవలలూ కథల గురించి నేను ఎక్కువ చెప్పను, మీ వీధిలో చదివేవాళ్లు ఒకళ్లిద్దరు ఎలాగూ ఉంటారు, వాళ్లని అడిగితే మీకు నెత్తికి మించిన జాబితా ఇస్తారు. ఒక్క జాగ్రత్త. పాత రచన కొనేటప్పుడు టైటిల్ పేజీ వెనక వైపు తప్పకుండా చూడండి. ఏ సంవత్సరం కూర్పు, ఎవరు పరిష్కరించారు, "సంక్షిప్తం" అని ఎక్కడైనా చిన్న అక్షరాల్లో ఉందా అన్నది అక్కడే తెలుస్తుంది. ఉదాహరణకి కన్యాశుల్కం 1897లో ఒకసారి అచ్చయింది, 1909లో గురజాడ దాన్ని బాగా పెంచి తిరగరాశారు, ఆ రెండోది దాదాపు కొత్త నాటకం. మనం అందరం చెప్పుకునేది రెండోదాని గురించే. ఏది కొంటున్నారో తెలిసి కొనండి.

పండితుల పుస్తకాన్ని షాపులో నిలబడి పది నిమిషాల్లో అంచనా వేయొచ్చు. చివర్నుంచి మొదలుపెట్టండి. పదసూచిక ఉందా? ఉంటే మీకు తెలిసిన ఒక పేరు, మీ ఊరి పేరైనా సరే, అందులో వెతికి ఆ పేజీకి వెళ్లి చదవండి. మీ ఊరి గురించి రాసింది సరిగ్గా ఉంటే మిగతాదాన్ని కూడా కొంత నమ్మొచ్చు. ఏ శాసనం, ఏ తాళపత్రం, ఏ పుస్తకం ఆధారంగా చెబుతున్నాడో పేజీ అడుగున ఇచ్చాడా? "పూర్వకాలంలో", "కొందరు అంటారు" అని మాత్రమే ఉంటే పెట్టేయండి. ఆ తర్వాత ముందుమాట చదవండి, రచయిత ఈ పని ఎన్నేళ్లు చేశాడో, ఎక్కడెక్కడ తిరిగాడో అక్కడ చెప్పుకుంటాడు.

చరిత్రకి సురవరం ప్రతాపరెడ్డి గారి ఆంధ్రుల సాంఘిక చరిత్ర పెట్టండి. 1949లో వచ్చింది, 1955లో కేంద్ర సాహిత్య అకాడమీ బహుమతి, తెలుగుకి అదే మొదటిది. రాజుల యుద్ధాలు పక్కన పెట్టి జనం ఏం తిన్నారు, ఏం కట్టుకున్నారు, ఏం ఆటలు ఆడారు అన్నది కావ్యాల్లోంచి ఏరి చూపిస్తారు. ఇలాంటిది మొదటి నుంచి చివరి దాకా చదవాలని ఎవరికీ చెప్పకండి. మా దగ్గర వంట పనికి వెళ్లే అక్క ఒకామె తిండి గురించి ఉన్న పేజీల్లో కాగితం ముక్కలు పెట్టుకుని అవే చదివింది. అదీ చదవడమే.

నిఘంటువు లేకుండా బీరువా మొదలుపెట్టొద్దు. తెలుగు-తెలుగు ఒకటి, తెలుగు-ఇంగ్లీషు ఒకటి. బహుజనపల్లి సీతారామాచార్యులు గారి శబ్దరత్నాకరం 1885 నాటిది, పద్యాలు చదివేవాళ్లకి ఇప్పటికీ అదే దిక్కు. బ్రౌన్ నిఘంటువు 1852లో అచ్చయింది, అందులో జనం నోటి మాటలు ఎక్కువ, అందుకే నాకు ఇష్టం. సూర్యరాయాంధ్ర నిఘంటువు చాలా సంపుటాలు, వీధి బీరువాకి అక్కర్లేదు, ఫోనులో ఆంధ్రభారతి సైటు తెరిస్తే ఇవన్నీ ఒకేసారి వెతికి చూపిస్తుంది. ఆ సైటు పేరు కాగితం మీద పెద్దగా రాసి బీరువా తలుపుకి అంటించాం.

సైన్సు, ఎకనామిక్స్, వ్యవసాయం లాంటి వాటికి తెలుగు అకాడమీ పుస్తకాలు మర్చిపోకండి. 1968లో పెట్టిన సంస్థ, డిగ్రీ పిల్లల కోసం వేసినవే అయినా ఆ విషయం మీద తెలుగులో వరసగా చెప్పిన పుస్తకం కావాలంటే చాలాసార్లు అదొక్కటే ఉంటుంది. పెద్ద చదువు తెలుగులో మామూలు జనానికి అందాలన్న ఆలోచన కొత్తదేం కాదు, కొమర్రాజు లక్ష్మణరావు గారు వాళ్లు 1906లో విజ్ఞాన చంద్రికా మండలి పెట్టిందే అందుకు.

ఇక మీ ఊరి కథకి తప్పకుండా ఒక వరస మెట్లు కట్టండి. మాకు చీరాల-పేరాల ఉంది. 1921లో మునిసిపాలిటీ పన్నులకి ఎదురు తిరిగి జనం ఇళ్లు వదిలి ఊరి బయట రామ్‌నగర్ అని పాకలు వేసుకుని దాదాపు పదకొండు నెలలు ఉన్నారు. ఇది చిన్నపిల్లలకి కథగా చెప్పడానికి ఎంత బాగుంటుందో. అడుగు మెట్టు మీద పెట్టడానికి తగినది మాకు దొరకలేదు, అందుకే వీధిలో పిల్లలే పెద్దవాళ్లని అడిగి, బొమ్మలు వేసి, పన్నెండు పేజీల పుస్తకం చేశారు. దాని పైన ఆ ఉద్యమాన్ని నడిపించిన దుగ్గిరాల గోపాలకృష్ణయ్య గారి జీవిత చరిత్ర. అన్నిటికన్నా పై మెట్టు చూడండి: అదే గోపాలకృష్ణయ్య గారు ఆనంద కుమారస్వామితో కలిసి నందికేశ్వరుడి అభినయదర్పణాన్ని ఇంగ్లీషులోకి తెచ్చి 1917లో హార్వర్డ్ యూనివర్సిటీ నుంచి అచ్చు వేయించారు. పన్నుల గొడవ కథ నుంచి బయల్దేరినవాడు నాట్యశాస్త్రం దాకా ఒకే మనిషి చెయ్యి పట్టుకుని వెళ్లొచ్చు. మా వీధిలో కూచిపూడి నేర్చుకునే అమ్మాయికి ఈ సంగతి తెలిసిన రోజు ముఖం చూడాలి.

ఎక్కడ కొనాలి, ఎలా చూసుకోవాలి

విజయవాడ పుస్తక మహోత్సవం జనవరి మొదట్లో, హైదరాబాద్ బుక్ ఫెయిర్ డిసెంబరులో. నోట్‌బుక్ లేకుండా వెళ్లొద్దు, మొదటి రోజు కొనొద్దు, తిరిగి చూసి రాసుకుని రెండోసారి వెళ్లి కొనండి. పాతవాటికి విజయవాడ లెనిన్ సెంటర్, హైదరాబాద్‌లో ఆదివారం ఆబిడ్స్ ఫుట్‌పాత్.

పాత పుస్తకం చేతిలోకి తీసుకోగానే పేజీ నంబర్లు చూడండి. మన పుస్తకాలు ఎక్కువగా పదహారు పేజీల ఫారాలుగా కుడతారు, పోతే ఒక పేజీ కాదు, ఫారం మొత్తం పోతుంది, లేదా ఒకే ఫారం రెండుసార్లు కుట్టి ఉంటుంది. కాబట్టి 16, 32, 48 దగ్గర ఆగి తర్వాతి పేజీ నంబరు వరసలో ఉందో లేదో చూసుకుంటూ పోతే రెండు నిమిషాల్లో తేలిపోతుంది. ముక్కు దగ్గర పెట్టుకుని వాసన చూడండి, పాత కాగితం వాసన వేరు, బూజు వాసన వేరు, బూజు పట్టింది ఎంత అరుదైనదైనా తెచ్చి మిగతావాటి పక్కన పెట్టొద్దు.

దొరకని పుస్తకాల సంగతి. మన దేశంలో రచయిత పోయిన మరుసటి ఏడాది నుంచి లెక్క వేసి 60 ఏళ్లు హక్కులు ఉంటాయి, ఆ తర్వాత ఎవరైనా ప్రింటు తీసుకోవచ్చు. గురజాడ, కొమర్రాజు లాంటివాళ్లవి తెలుగు వికీసోర్స్‌లోనో, ఇంటర్నెట్ ఆర్కైవ్‌లోనో దొరుకుతాయి, జిరాక్స్ షాపులో స్పైరల్ వేయించుకోండి. వ్యాఖ్యానం, అనువాదం, బొమ్మలు ఎవరివైతే వాళ్ల హక్కు వేరేగా ఉంటుందని మర్చిపోవద్దు. హక్కులున్న పుస్తకం సైటులో కనపడుతోంది కదా అని మొత్తం కాపీ తీయొద్దు, తెలుగులో పుస్తకం వేసేవాళ్ల బతుకు అంతంతమాత్రం, అచ్చులో దొరికేది డబ్బిచ్చి కొనండి. మేం ఆ చేనేత సంపుటం కొత్త ప్రతి కోసం చాలా వెతికి, ఎక్కడా దొరక్క స్కాను ప్రతితో సరిపెట్టుకున్నాం, అచ్చు ప్రతి దొరికిన రోజు కొని దాని స్థానంలో పెడతాం.

దగ్గర్లో పెద్ద లైబ్రరీ ఉంటే దాన్ని మీ బీరువాకి పై అంతస్తు అనుకోండి. మాకు పక్కనే వేటపాలెంలో సారస్వత నికేతనం ఉంది, 1918లో పెట్టింది, పాత పత్రికలకి పేరున్నది. అక్కడ ఉన్నది మేం కొనం. ఫలానా పుస్తకం అక్కడ ఉంది అని ఒక అట్ట ముక్క మీద రాసి, మా అరలో ఆ పుస్తకం ఉండాల్సిన చోట ఆ అట్ట ముక్క నిలబెడతాం. ఏడాదికి రెండుసార్లు పిల్లల్ని తీసుకెళ్లి చూపిస్తాం.

సర్దడం, కాపాడటం

పిల్లల పుస్తకాలు ఒక వైపు, పెద్దలవి ఒక వైపు పెట్టొద్దు. విషయం ప్రకారం పెట్టండి, మగ్గం పుస్తకాలన్నీ ఒక చోట, బొమ్మల పుస్తకం పక్కనే పదకోశం. మెట్టు తెలియడానికి పుస్తకం వెన్ను మీద రంగు టేపు అంటించండి, మాకు పసుపు, ఆకుపచ్చ, నీలం, ఎరుపు. పిల్లాడు పసుపు తీసుకుంటూ పక్కనే ఎరుపు చూస్తాడు, ఎప్పుడో ఒకరోజు అదీ తీస్తాడు. మరీ చిన్నపిల్లల పుస్తకాలు మాత్రం కింది అరలో, అట్ట ముందుకి కనపడేలా. రిజిస్టరులో పేరు, తేదీ, పుస్తకం, అంతే, జరిమానా పెట్టకండి. జరిమానా పెట్టిన నెలలో పుస్తకాలు తిరిగి రాలేదు సరికదా ఆ ఇంటి పిల్లలు కూడా రావడం మానేశారు, తీసేశాక రెండూ తిరిగొచ్చాయి.

మాది సముద్రం పక్క ఊరు కాబట్టి తేమ ఎక్కువ. ఇప్పుడు బీరువా గురించి చెప్పొచ్చు: గోడకి ఆనించకుండా బెత్తెడు దూరంలో, కాళ్ల కింద ఇటుకలు పెట్టి నిలబెట్టండి, చెదలు గోడ వెంబడే ఎక్కుతాయి. పుస్తకాలకి ప్లాస్టిక్ కవర్లు వేయొద్దు, లోపల చెమ్మ పట్టేస్తుంది, ఖాకీ అట్ట చాలు. వానాకాలం అయ్యాక అన్నీ బయటికి తీసి నీడలో, గాలి తగిలేలా ఒక పూట నిలబెట్టండి, ఎండలో పెడితే కాగితం పెళుసెక్కుతుంది. వెండి రంగులో సన్నగా పరిగెత్తే పురుగులు కనపడితే బాగా ఎండిన వేపాకు గుడ్డలో మూటకట్టి అరల్లో పెట్టండి, పచ్చి ఆకు పెడితే మళ్లీ తేమే. వీటన్నిటి కంటే పెద్ద మందు పుస్తకం తిరగడం. రోజూ చేతులు మారే పుస్తకానికి పురుగు పట్టదు.

ఆరు నెలలకోసారి రిజిస్టరు ముందేసుకుని కూర్చోండి. ఎవరూ ముట్టనిది ఉంటే పారేయకండి, దాని కింది మెట్టు సరిగ్గా ఉందో లేదో చూడండి, చాలాసార్లు తప్పు అక్కడే ఉంటుంది. కింద ఇంకో పుస్తకం వేశాక కూడా కదలకపోతే వేరే వీధికి ఇచ్చేయండి.

ఈ ఏడాది మా పిల్లలు పడవలు అడుగుతున్నారు, ఓడరేవు ఒడ్డున రోజూ చూస్తారు కదా. అడుగు మెట్టుకి రెండు బొమ్మల పుస్తకాలు దొరికాయి. రెండో మెట్టుకి 1930లలో కాలువల మీద పడవల్లో పుస్తకాలు తీసుకెళ్లి ఊరూరా పంచిన గ్రంథాలయ ఉద్యమం గురించి ఉన్నవి పెట్టాం. పడవ కట్టే వడ్రంగుల పని గురించి, తెరచాప గురించి, గాలివాటం గురించి తెలుగులో రాసిన గట్టి పుస్తకం కోసం వెతుకుతున్నాం, మీలో ఎవరికైనా తెలిస్తే చెప్పండి. దొరికేదాకా ఆ వరసలో ఎరుపు టేపు చోటు ఖాళీగానే ఉంచాం.